వారములో లేని దినము

ఉపాధ్యాయుని బ్రదుకు గంటమ్రోతకు లోబడినది. మొదటి గంటకు ప్రార్థన, రెండవ గంటకు హాజరుపట్టీ, పిదప పాఠములు. ఇట్లు ఇరువది సంవత్సరములు గడపిన మాకు కాలమనగా టైముటేబులే యను భ్రమ కలిగియుండెను. ఆ భ్రమను తొలగించినవాడు మా తొమ్మిదవ తరగతి బాలుడొకడు. ఆ సంగతి మా తప్పుతో కూడినదైనను చదువరులకు విన్నవించుట యుక్తమని తోచినది.

ఒకనాడు మేము వడ్డీలెక్కలు చెప్పుచుండగా ఆ బాలుడు వెనుక బల్లమీద కూర్చుండి నోటుపుస్తకములో గడులు గీయుచుండెను. మేము పుస్తకమును లాగుకొని, "లెక్కలు రానివానికి బొమ్మలేల?" యని పదిమందిలో మందలించి, గంట కొట్టువఱకు నిలువబెట్టితిమి. వాడు మాఱుమాట యాడలేదు.

ఆ రాత్రి దిద్దవలసిన పుస్తకములతోపాటు అదియు మా చేతికి వచ్చెను. తెఱచి చూడగా అవి బొమ్మలు కావు. వాడు తనకు తాను కల్పించుకొన్న యొక రాజ్యమునకు పంచాంగము! సంవత్సరమునకు 13 నెలలు, నెలకు 28 దినములు, వెరసి 364. మిగిలిన యొక్క దినమును ఏ నెలలోను, ఏ వారములోను చేర్చక, పుట చివర ఒంటిగా ఒక గడి గీసి విడిచియుండెను. అందుచేత ప్రతినెల మొదటితేది ఆదివారమే. లెక్కలో ఎచ్చటను తప్పు లేదు. లెక్కలు రానివాడని మేమాడిన మాట మాకే తగిలినది.

మఱునాడు వానిని పిలిచి, ఆ యొంటి దినమునకు వారమేల లేదని యడిగితిమి. వాడు కొంతతడవు నేలచూపులు చూచి, "మా నాయన పట్నంలో కావలి పని చేస్తాడండి. ఆదివారం కూడా సెలవు లేదు. ఏ వారమూ కాని రోజైతే ఎవరూ పనికి పిలవరు గదా అనుకున్నాను" అనెను. మాకు నోట మాట రాలేదు.

ఈ ముచ్చట విని మా పాఠశాల ఇంగ్లీషు ఉపాధ్యాయులు టోల్కీనుగారి 'ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్' అను కథాగ్రంథపు కడపటి సంపుటమును మాకు చదువ నిచ్చిరి. 1955లో వెలువడిన యా సంపుటపు అనుబంధములలో, కథలోని జాతుల కాలగణనము వివరింపబడియున్నది. అందు షైరు అను సీమలో హాబిట్లను పొట్టిజనులు వసింతురు. సేద్యము వారి వృత్తి, విందు వారి ప్రీతి. వారి సంవత్సరమునకు 12 నెలలు, నెలకు 30 దినములు. మిగిలిన 5 దినములు ఏ నెలకును చెందవు. అందు రెండు చలికాలమున సంవత్సరాంతమునను సంవత్సరాదియందును వచ్చును. తక్కిన మూడును నడివేసవిలో వచ్చును. ఆ మూడింట నడిమిదానికి వారము పేరే లేదు. నాలుగేండ్లకొకమాఱు వచ్చు అధికదినమునకును లేదు. కావున ప్రతి సంవత్సరమును శనివారముతో మొదలై శుక్రవారముతో ముగియును. ఏ నెలయు శుక్రవారమున ఆరంభము కాదు. అందుచేత ఎన్నటికిని జరుగని పనిని గూర్చి, అది మొదటితేది శుక్రవారమునాడు జరుగునని అచ్చటివారు పరిహాసమాడుదురట! గణితప్రియులగు విద్యార్థులు కాగితము తీసికొని దీనిని సరిచూచుకొనవచ్చును. సంవత్సరపు రెండవ దినమే తొలినెలకు మొదటితేది యని జ్ఞప్తియందుంచుకొనిన చాలును.

అదే గ్రంథమున ముసలితన మెఱుగని ఎల్ఫులు మన 144 సంవత్సరములను ఒక్క మహావత్సరముగా నెంతురు. వారి వారమునకు 6 దినములే. మన దేశమున ప్రభవ మొదలు అక్షయ వఱకు 60 ఏండ్లు ఒక ఆవృత్తి. అది మానవుని ఆయువునకు తగిన కొలత. ఎవరి బ్రదుకెంతయో వారి కొలతయు నంతయే కాబోలు.

ఇట్టి యూహలు కథలకే పరిమితములు కావు. 1849లో ఫ్రాన్సుదేశపు తత్త్వవేత్త ఆగస్టు కోంతు అచ్చముగా మా బాలుని లెక్కనే ప్రకటించెను. అమెరికాలో కొడాక్ సంస్థ 1928 మొదలు 1989 వఱకు 13 నెలల పంచాంగమును తన వ్యవహారములలో వాడుకొనెను. 1931లో జెనీవానగరమున నానాజాతిసమితివారి సభలో పంచాంగ సంస్కరణము చర్చకు రాగా, యూదులును క్రైస్తవులలో కొందఱును అడ్డు చెప్పిరి. వారములేని దినము నడుమ చొరబడినచో, ఏడు దినముల వరుస తెగి, విశ్రాంతిదినము చెదరిపోవునని వారి భయము.

ఆ భయము న్యాయమైనదే యని మేమును తలంతుము. కాని వరుస తెగకున్నను ఆ బాలుని తండ్రికి విశ్రాంతి లేదే! వారమును కాపాడుటకు వాదించు మనము, ఆ వారమునందు తోటివానికి దక్కవలసిన దినము దక్కినదా యని ఎన్నడైన విచారించితిమా? మేము ప్రతి యాదివారము ఆరాధనకు పోవుచుండగా మా యింట పనిచేయునామె గిన్నెలు తోముచునే యుండెను. ఆమెకు ఆ దినమున సెలవిచ్చుట అప్పటినుండియే మొదలుపెట్టితిమి. అంతవఱకు మాకు తట్టనేలేదు.

పదిమందిలో మందలించితిమి గనుక, పొరబడితిమని పదిమందిలోనే చెప్పి బాలునికి పుస్తకము తిరిగి యిచ్చితిమి. విద్యార్థులారా, పాఠము జరుగుచుండగా గడులు గీయుడని మేము చెప్పము. కాని తీరిక వేళల ఊహించుటకు సిగ్గుపడకుడు. ఊహించినదానిని లెక్కతో సరిచూచుకొనుడు. తలిదండ్రులారా, బిడ్డ నోటుపుస్తకమును చింపుటకు ముందు ఒక్కమాఱు చదువుడు.

వాని తండ్రి ఆ సంవత్సరము ఒక దినము ఇంటికి వచ్చి వెళ్లెనని తరువాత వింటిమి. అది ఏ వారమో మేమడుగలేదు.