రోకటి చప్పుడు నుంచి సర్కారు గంట దాకా

రోలుగుంట... పేరు వింటేనే చెవిలో రోకటి పోటు వినిపించినట్టుంటుంది కదూ! నర్సీపట్నానికి తూర్పున, ఒకపక్క పొలాలు, మరోపక్క తూర్పు కనుమల వరస. ఇప్పుడిది అనకాపల్లి జిల్లాలో మండల కేంద్రం. ఇక్కడ చూడ్డానికి ఏముంది అని అడిగితే చప్పున చెప్పడం కష్టం. వినడానికి మాత్రం చాలా ఉండేది.

బియ్యం మిల్లులు రాకముందు పల్లెలో పొద్దు మొదలయ్యేది సూర్యుడితో కాదు, రోకలితో. కోడి కూసీ కూయకముందే ఆడవాళ్లు వడ్లు దంచేవారు. ఒక ఇంట్లో దంపుడు మొదలైతే పక్కింటావిడ లేచేది. ఆ చప్పుడు ఆగిందంటే పొయ్యి రాజేసే వేళ అయిందన్నమాట. కొమ్మా, ముల్లూ లేని గడియారం అది! తర్వాత మిల్లొచ్చింది, రోలు పెరట్లో ఓ మూల వాననీళ్లు నింపుకుని కూర్చుంది.

తక్కిన కబుర్లూ చెవినే పడేవి. శిస్తు కట్టాలన్నా, వేలంపాట ఉందన్నా వీధిలో టముకు వేసేవారు. ఉత్తరాంధ్ర పల్లెల్లో టముకు మోగిందంటే పెద్దల గుండెల్లో రాయి పడేది. మంచి వార్తకు టముకు వేయించే సర్కారు ఎక్కడుంటుంది చెప్పండి!

అసలు మన భాషలోనే ఓ తమాషా ఉంది. గుళ్లో మోగేదీ గంటే, అరవై నిమిషాలూ గంటే. కాలాన్ని మనవాళ్లు కంటితో కన్నా చెవితోనే ఎక్కువ కొలిచారనడానికి ఇంతకన్నా రుజువు అక్కర్లేదు. అంతకుముందు లెక్క గడియల్లో. అడుగున సన్నటి చిల్లు ఉన్న గిన్నెను నీళ్ల మీద వదిలేవారు. దాన్నే గడికుడక అనేవారు. అది నిండి మునిగితే ఒక గడియ, అంటే 24 నిమిషాలు. రోజుకు 60 గడియలు. గిన్నె మునగడం చూసేది ఒక్కడే. వాడు గంట కొడితేనే ఊరందరికీ పొద్దు తెలిసేది.

ఇంగ్లీషువాళ్ల కాలంలో ఆ గంట ఠాణా ముందుకు చేరింది. పోలీసు స్టేషన్ల ముందు, ఖజానాల ముందు, జైళ్లలో మందపాటి కంచుబిళ్ల వేలాడేది. పారా జవాను గంట గంటకూ దాన్ని మోగించేవాడు. పొద్దు ఎంతయిందో చెప్పే హక్కు కూడా సర్కారుదే అయిపోయింది.

మన నెత్తి మీదే గీత

విశాఖపట్నం సంగతి వేరు. గొడే వెంకట జగ్గారావు 1840లో డాబాగార్డెన్స్‌లో సొంత ఖర్చుతో నక్షత్రశాల పెట్టారు. ఓడలవాళ్లు గడియారాలు సరిచేసుకోవడానికి డాల్ఫిన్స్‌నోస్ కొండ మీద జెండా కర్ర కూడా ఆయనే నిలబెట్టారు. సముద్రం మీదున్నవాళ్లకు జెండా, నేల మీదున్నవాళ్లకు గంట!

అప్పట్లో రైళ్లకూ తంతికీ మద్రాసు టైమే. అది గ్రీన్‌విచ్ కన్నా 5 గంటల 21 నిమిషాలు ముందు. 1906లో ఆ తేడాను అయిదున్నర గంటలు చేసి దేశమంతటికీ ఒకే టైము పెట్టారు. దానికి ఆధారం 82.5 డిగ్రీల రేఖాంశం. ఆ గీత నర్సీపట్నానికి పడమరగా పది పన్నెండు కిలోమీటర్ల దూరంలోనే పోతుంది. అంటే రోలుగుంట పొద్దుకూ దేశం గడియారానికీ లెక్క ప్రకారం నిమిషం తేడా కూడా లేదు. (సూర్యుడు ఏడాదిలో పావుగంట అటూ ఇటూ ఊగుతాడనుకోండి, అది ఎక్కడైనా ఉన్నదే.)

టైము చెప్పి మరీ...

ఇక మన్యం వైపు వెళదాం. నర్సీపట్నం నుంచి లంబసింగి ఎక్కే రోడ్డు ఇప్పుడు చలి చూడ్డానికి వెళ్లే కార్లతో కిటకిటలాడుతోంది. ఆ రోడ్డు వేసినప్పుడు గూడెం డిప్యూటీ తహసీల్దారు బాస్టియన్ హయాంలో కూలీలకు రోజుకు ఆరణాలని చెప్పి అణా, రెండణాలు చేతిలో పెట్టేవారట. 1882 మద్రాసు అటవీ చట్టం పోడుకు అడ్డంపడింది. గిరిజనుడికి తన అడవీ లేదు, తన పొద్దూ లేదు.

ఆ కోపమే అల్లూరి సీతారామరాజు వెంట నడిచింది. 1922 ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి. మూడు రోజుల్లో మూడు ఠాణాలు! ఒక్క చింతపల్లిలోనే 11 తుపాకులు, 1390 తూటాలు దొరికాయి. రాజవొమ్మంగిలో బందీగా ఉన్న వీరయ్యదొర విడుదలయ్యాడు. ఇక అక్టోబరు 15న అడ్డతీగలకైతే వస్తున్నామని ముందే కబురు పెట్టి మరీ వెళ్లారు. గంట కొట్టేది ఠాణావాడే. ముహూర్తం మాత్రం రాజుది! నాకు ఆ తుపాకుల లెక్క కన్నా ఈ ముందస్తు కబురే పెద్ద దెబ్బగా కనిపిస్తుంది. ఎప్పుడేం జరగాలో తానే చెబుతానన్న సర్కారుకు అంతకన్నా అవమానం ఏముంటుంది?

1924 మే 7న కొయ్యూరు దగ్గర రాజును కాల్చి చంపారు. 27 ఏళ్లు నిండలేదు. సమాధి కృష్ణదేవిపేటలో ఉంది. నర్సీపట్నం నుంచి గొలుగొండ మీదుగా పడమరకు వెళ్లాలి. దేశానికి టైము చెప్పే ఆ గీతను దారిలోనే దాటతారు. గుర్తుగా రాయి ఉంటుందేమోనని వెతక్కండి, అది లెక్కల్లో ఉండే గీత.

రోలుగుంట మండలంలోనే అర్ల పంచాయతీ కొండ శివారు గ్రామాలున్నాయి. రోగుల్ని డోలీల్లో మోసుకొచ్చిన వార్తలు పేపర్లో చదివే ఉంటారు. నిండు చూలాలికి నొప్పులు మొదలయ్యాక ఆ దారిలో కాలాన్ని ఏ గంటతో కొలవాలి?

వెళ్లాలనుకునేవారికి విశాఖపట్నం, అనకాపల్లి, తుని నుంచి నర్సీపట్నానికి బస్సులున్నాయి. రైల్లో వచ్చేవాళ్లు ‘నర్సీపట్నం రోడ్’ అన్న బోర్డు చూసి ఊరొచ్చేసిందనుకోకండి. అక్కడ ఉన్నది రోడ్డే, నర్సీపట్నం ఇంకా దూరం.