పుటమంటే మూత పెట్టుడు

రండి, ఇటు జరిగి కూర్చోండి. గాలి తిరిగింది, పొగ మీ కళ్ళలోకి రాదు. ఆలంపూర్‌లో చలేమిటని నవ్వకండి. ఎండాకాలం ఇక్కడి బండలు ఎట్లా కాలుతాయో నాకూ తెలుసు. కానీ పుష్యమాసంలో, పొద్దు పొడవకముందు, తుంగభద్ర మీంచి వచ్చే గాలి చెవుల్లో దూరితే అప్పుడు మాట్లాడదాం. పైన వేపపుల్లలు వేశాను, అడుగున నాలుగు పిడకలు. ఇవాళ్టి కబురు ఆ పిడకల చుట్టూ అల్లుకున్న ఒక క్రియాపదం గురించి.

మొన్నొక సన్మాన సభకు పోయాను. శాలువా కప్పించుకున్న పెద్దమనిషిని వక్త "పుటం పెట్టిన బంగారం" అన్నాడు. అందరం చప్పట్లు కొట్టాం. పక్కన మా తమ్ముడి కొడుకు, బీటెక్ రెండో ఏడు, నా చెవిలో గొణిగాడు. "పెద్దనాయనా, పుట అంటే పేజీ కదా? బంగారాన్ని పేజీల పెట్టుడేంది?"

"అది పుట రా. ఇది పుటం. నిప్పులో పెట్టి కాల్చడం" అన్నాను. వాడు సరేనన్నాడు. నాకే సరిపోలేదు. ఒట్టి కాల్చడమే అయితే "కాల్చిన బంగారం" అంటే పోయేది కదా, దీనికి వేరే మాట ఎందుకు?

చిన్నప్పుడు మా వీధిలో ఒక అవుసలి తాత ఉండేవాడు. ఆయన కుంపటి ముందు కూర్చోవడం నాకు బడికన్నా ఇష్టం. ఊదుగొట్టంతో ఆయన ఊదుతుంటే బొగ్గు తెల్లబడి ఎర్రబడి మళ్ళీ తెల్లబడేది. ఒకనాడు అడిగాను, పుటం అంటే ఏంది తాతా అని. కుంపటి మీంచి చూపు తిప్పకుండానే అన్నాడు: "నిప్పు పెట్టుడు ఎవరికైనా వస్తది బిడ్డా. పుటమంటె మూత పెట్టుడు."

ఆ మాట అర్థం కావడానికి నాకు ముప్పయ్యేళ్ళు పట్టింది. మీకు మూడు నిమిషాల్లో చెబుతాను, వినండి.

వెండి కలిసిన బంగారం ఉందనుకోండి. దాన్ని పలచని రేకులుగా సాగగొడతారు. ఉప్పూ, మెత్తగా దంచిన ఇటుకపొడీ కలిపి రేకు మీద రేకు, మధ్యలో ఈ పొడి, ఇట్లా ఒక మట్టి మూకుట్లో పేరుస్తారు. పైన ఇంకో మూకుడు బోర్లించి, సందంతా మన్ను పూసిన గుడ్డతో మూసి, పిడకల నడుమ పెట్టి కాలుస్తారు. బంగారం కరగకూడదు, కిటుకు అక్కడే ఉంది. బంగారం కరిగేది 1064 డిగ్రీల దగ్గర. దానికి దిగువనే, ఎర్రటి వేడిలో, గంటలకు గంటలు ఉంచాలి. ఇటుకపొడి తోడుండగా ఆ వేడికి ఉప్పులోని క్లోరిన్ ఆవిరిగా బయటికొస్తుంది. ఆ ఆవిరి వెండిని పట్టుకుని సిల్వర్ క్లోరైడ్‌గా మార్చి ఇటుకపొడిలోకి దింపేస్తుంది. బంగారం జోలికి మాత్రం పోదు. మూత లేదనుకోండి, ఆవిరి గాల్లో కలుస్తుంది, వెండి ఉన్నచోటే ఉంటుంది, బంగారం ఊరికే కాగి చల్లారుతుంది. తాత చెప్పింది ఇంత రసాయనశాస్త్రం. ఆయన బడికి పోలేదు.

ఇది మన ఒక్కరి సొత్తేమీ కాదు. ఇప్పటి తుర్కియేలో ఉన్న సార్డిస్‌లో, క్రీస్తుపూర్వం 6వ శతాబ్దంలో, లిడియా రాజుల కంసాలులు ఇదే ఉప్పుతో, ఇట్లాగే మూసిన కుండల్లో బంగారం నుంచి వెండిని విడదీశారు. ఆ కొలుములు తవ్వకాల్లో బయటపడ్డాయి. మన వీధి తాతకూ ఆ లిడియా రాజుల్లో ఒకడైన క్రీసస్ ఆస్థాన కంసాలికీ మధ్య ఉన్నది సముద్రాల దూరం, పనిలో మాత్రం ఒక మూకుడు తేడా కూడా లేదు.

ఇప్పుడు అవుసలి కొట్లలో తేజాబు సీసా వచ్చింది. దాంట్లో వేస్తే వెండి కరిగిపోతుంది, గంటల పని నిమిషాల్లో అయిపోతుంది. నగ మీద 916 అని ముద్ర కొట్టిస్తే మాట్లాడేవాడు లేడు. పిడకలు పోయాయి, మూకుళ్ళు పోయాయి, క్రియాపదం ఒక్కటీ సన్మాన సభలో మిగిలింది.

పుటం పెట్టేవాళ్ళు ఇంకొకరున్నారు, లోహాలను భస్మం చేసి మందుగా ఇచ్చే వైద్యులు. వాళ్ళ లెక్క ఇంకా పట్టింపు. థర్మామీటరు లేని కాలంలో వేడిని ఎట్లా కొలవాలి? గుంత కొలత, పిడకల లెక్క. అందుకే వాళ్ళ రసశాస్త్రంలో పుటమంటే నిప్పు కాదు, పాకానికి ఎంత నిప్పు కావాలో తెలిపే కొలత. పేర్లు చూడండి: గజపుటం, వరాహపుటం, కుక్కుటపుటం, కపోతపుటం. ఏనుగు, పంది, కోడి, పావురం. కపోతపుటానికి ఎనిమిది పిడకలు చాలు. గజపుటానికి గొయ్యి తవ్వి నింపాలి. గజపుటంలో గజం మన స్థలాలు కొలిచే గజమే అనేవాళ్ళున్నారు. నాకు నమ్మకం లేదు. పందీ కోడీ పావురమూ వరసగా నిలబడినచోట ముందు ఏనుగు ఉంటేనే అందం, గజంబద్దకు అక్కడేం పని?

ఇక ఎన్నిసార్లు అన్నది మరో కొలత. అభ్రకం తెలుసు కదా, మన కాకిబంగారం. దాన్ని ఆకు రసంతో నూరడం, బిళ్ళలు చేయడం, ఎండబెట్టడం, మూకుళ్ళలో మూయడం, పుటం పెట్టడం, చల్లారాక తీసి మళ్ళీ నూరడం. ఇట్లా నూరుసార్లు చేస్తే శతపుటి, వెయ్యిసార్లు చేస్తే సహస్రపుటి. ఆ పేర్లతోనే అభ్రక భస్మం ఇప్పటికీ మందుల దుకాణాల్లో దొరుకుతుంది. రోజుకొకటి చొప్పున చేసినా వెయ్యి పుటాలకు రెండున్నర ఏళ్ళు దాటుతుంది. మనకేమో ప్రెషర్ కుక్కర్ నాలుగో కూతకే ఓపిక పోతుంది.

అన్నింటికన్నా నాకు నచ్చిన మాట స్వాంగశీతం. తనంతట తాను చల్లారడం అని. నీళ్ళు చల్లకూడదు, బూడిద కదపకూడదు, మూకుడు తీసి తొంగిచూడకూడదు. రాత్రి కాలిస్తే పొద్దున్న తీయాలి. పుటం పెట్టడంలో సగం పని ఏమీ చేయకపోవడమే.

అంతా అయ్యాక పరీక్షలు. భస్మం వేలి గీతల్లోకి ఇంకాలి, అది రేఖాపూర్ణం. చిటికెడు నీళ్ళ మీద చల్లితే తేలాలి, అది వారితరం. మూడోది కొంచెం భయపెడుతుంది. నెయ్యి, తేనె, బెల్లం, గురిగింజ, వెలిగారం కలిపి మళ్ళీ కాల్చినా ఆ బూడిదలోంచి లోహం తిరిగి లేవకూడదు. లేవలేదంటే లోహం చచ్చినట్టు. ఈ పనికి వాళ్ళు పెట్టిన పేరే మారణం. సరిగ్గా చావని లోహం మనిషిని చంపుతుంది కాబట్టి, దయచేసి ఈ కబుర్లు విని పెరట్లో గొయ్యి తవ్వకండి.

ఈ మాటను ఆలంపూర్‌లో కూర్చునే ఎందుకు తలుచుకుంటున్నానో మీకు ఈపాటికి తెలిసే ఉంటుంది. ఇది రససిద్ధుడి ఊరు. స్థలపురాణం చెప్పేవాళ్ళు తలా ఒక తీరుగా చెబుతారు గానీ కథలో గింజ ఒక్కటే: రససిద్ధుడు కాశీ నుంచి వచ్చి, ఇక్కడ రసం సాధించి, బంగారం చేసి, ఆ బంగారంతో బ్రహ్మేశ్వరుడి గుళ్ళు కట్టించాడని. విలసద్రాజు అనే రాజు పేరు కూడా కథలో వస్తుంది. చరిత్రకారులను అడిగితే తారకబ్రహ్మ, స్వర్గబ్రహ్మ, అర్కబ్రహ్మ, విశ్వబ్రహ్మ, ఇట్లా తొమ్మిది గుళ్ళూ 7, 8 శతాబ్దాల బాదామి చాళుక్యులవి అంటారు. చరిత్రకారుల మాటే నిజం. బంగారం ఒక మూలకం, కేంద్రకంలో 79 ప్రోటాన్లు. ఎన్ని పిడకలు పేర్చినా ఆ వేడి కేంద్రకం గడప తొక్కదు.

అయినా ఆ కథ ఈ ఊళ్ళోనే ఎందుకు పుట్టిందంటే కారణం లేకపోలేదు. శ్రీశైలానికి పడమటి ద్వారం ఆలంపూర్. శ్రీశైలమేమో రసవాదుల ఇలవేల్పు. నిత్యనాథసిద్ధుడి రసశాస్త్ర గ్రంథం రసరత్నాకరంలో ఆ కొండల చుట్టూ ఉన్న గుహలు, గుండాలు, చెట్లు, రాళ్ళు అన్నీ రససాధన కళ్ళతో చూసినవే. ఆ దారిన కొండెక్కే సిద్ధులు ఈ రేవు దాటకుండా పోయి ఉంటారా? వాళ్ళలో ఒకడు కల్తీ బంగారాన్ని మూకుట్లో పెట్టి, పొద్దున్నే మేలిమి తీసి చూపించాడనుకోండి. చూసినవాడు ఊళ్ళోకి పోయి ఏం చెబుతాడు? "బంగారం చేసిండు" అనే చెబుతాడు. ఇది నా ఊహ మాత్రమే, శాసనం అడగకండి.

సరే, మావాడి ప్రశ్నకు వద్దాం. పుటానికీ పేజీకీ సంబంధం లేదని వాడితో అన్నాను కదా. తప్పు నాదే. ఉంది.

సంస్కృతంలో పుటమంటే మడత, దొప్ప. ఆకును మడిచి పుల్ల గుచ్చితే దొన్నె, అది పుటం. రెండు అరచేతులు కలిపి దోసిలి పడితే అంజలిపుటం. చెవిదొప్పలు కర్ణపుటాలు. కాగితం మడిస్తే పుట, అదే మన పేజీ. బళ్ళో లోపలికి వంగిన అద్దాన్ని పుటాకార దర్పణం అని చదువుకున్నాం కదా, దొన్నెలాగా గుంటపడింది కాబట్టి ఆ పేరు. మూకుడూ దొప్పే. అందుకే దాంట్లో మూసి కాల్చితే అదీ పుటమే. నిప్పు తర్వాత వచ్చి చేరిన చుట్టం. అవుసలి తాత నిఘంటువు చూడకుండానే ధాతువు పట్టేశాడు.

ఒక దొప్ప మీద ఇంకో దొప్ప బోర్లిస్తే? సంపుటం. మందు మూసిపెట్టే ఆ రెండు మూకుళ్ళ జతను వైద్యులు శరావసంపుటం అంటారు. కథల సంపుటి, కవితా సంపుటి అని మనం అనేది ఆ మాటనే. రెండు అట్టల మధ్య మూసిపెట్టిన సరుకు. కొన్ని కవితా సంపుటాలు ఆ పాత అర్థానికి ఎంతగా కట్టుబడి ఉంటాయంటే, అచ్చయిన నాటి నుంచి ఎవరూ మూత తీయరు.

ఈ ఊరి పండితుడు గడియారం రామకృష్ణశర్మ గారు తమ ఆత్మకథకు "శతపత్రము" అని పేరు పెట్టుకున్నారు. 2007లో, ఆయన పోయిన తరువాత, దానికి కేంద్ర సాహిత్య అకాడెమీ పురస్కారం వచ్చింది. పత్రం ఆకు, పుటం ఆ ఆకుతో చేసిన దొన్నె. ఆ పుస్తకం చేతికి తీసుకున్నప్పుడల్లా నాకు శతపుటి గుర్తొస్తుంది. ఆలయాల వెంట, శాసనాల వెంట ఆయన తిరిగిన తిరుగుడు తెలిసినవాళ్ళకు ఎందుకో చెప్పనక్కర్లేదు.

పుటానికి ఒక తోబుట్టువు ఉంది, మూస. లోహం కరిగించే మట్టి పాత్ర. సంస్కృతంలో మూష. దొంగిలించడం అనే ధాతువు నుంచి వచ్చింది, లోహంలోని దోషాలను దొంగిలిస్తుంది కాబట్టి మూష అని రసశాస్త్రకారులు చమత్కరించారు. పాపం దానికి పట్టిన గతి చూడండి. మూస కథ, మూస సినిమా, మూసపోసినట్టున్న పాత్రలు. దోషాలు దొంగిలించిన పాత్ర, తానే ఒక దోషానికి పేరైంది. పుటమేమో వేదికెక్కి శాలువాలు కప్పించుకుంటోంది. మాటల్లో కూడా అదృష్టవంతులు వేరు.

ఉన్నచోటు మారడం ఆలంపూర్ వాళ్ళకు కొత్తేమీ కాదు. శ్రీశైలం ప్రాజెక్టు నీళ్ళలో మునగకుండా కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయీ ఊడదీసి తెచ్చి ఇక్కడ మళ్ళీ పేర్చారు. రాళ్ళు అవే, నిలబడ్డ చోటు వేరు. పుటమూ అంతే, పిడకల గుంతలోంచి పుస్తకాల అరలోకీ సభావేదిక మీదికీ వచ్చి నిలబడింది.

రాళ్ళు పేర్చడంలో ఒకటి మాత్రం పోయిందని నా ఫిర్యాదు. గమనించారో లేదో, ఇప్పుడు ఈ క్రియ విశేషణంగానే బతుకుతోంది. "పుటం పెట్టిన" అంటాం. "పుటం పెడుతున్నాను" అని ఎవరైనా అనగా విన్నారా? ఒక కథ రాసి ఆర్నెల్లు సొరుగులో పడేసి, తీసి తిరగరాసి, మళ్ళీ పడేసేవాడు ఇంకా రాస్తున్నానని నసగక్కర్లేదు, "పుటం పెడుతున్నా" అంటే చాలు. ఊరగాయ జాడీకి వాసెన కట్టి మూడోనాటి దాకా చెయ్యి పెట్టనివ్వని అమ్మ చేసే పని కూడా, నిప్పు లేకపోయినా, దీనికి దగ్గరే. కష్టాలు మనిషిని పుటం పెడతాయని మాత్రం నేను అనను. కష్టాలకు పిడకల లెక్క తెలియదు, ఎప్పుడు ఆపాలో తెలియదు, చల్లారనివ్వవు. అది ఒట్టి కాల్చడం.

మంట తగ్గింది. బూడిద కింద నాలుగు గెనుసుగడ్డలు కప్పిపెట్టాను. కదపకండి, వాటంతట అవి చల్లారాక తిందాం. ఈలోగా మీరు నాకొక పని చేసిపెట్టాలి. మీ ఊళ్ళో ముసలి అవుసలి గానీ నాటువైద్యుడు గానీ ఇంకా ఉంటే, ఈ పనిని వాళ్ళు ఏమంటారో అడగండి. పుటం పెట్టుడంటారా, వేసుడంటారా, ఇంకేదైనా అంటారా. వాళ్ళన్నది అన్నట్టే, యాస దిద్దకుండా, రాసి పంపండి.