పాటలో మేమెక్కడ?

భుజాన గొంగడి, చేతిలో కట్టె. కాలు కదుపుతూ పాడే ఆ మనిషిని తెలంగాణలో చూడనివారు అరుదు. 'మాభూమి' (1979) సినిమాలో బండి యాదగిరి పాటకు గద్దర్ గొంతూ ఒళ్లూ రెండూ ఇచ్చాడు. గౌతమ్ ఘోష్ దర్శకుడు. జి. రవీంద్రనాథ్‌తో కలిసి ఆ సినిమా నిర్మించింది బి. నర్సింగరావు. ఆయనది ప్రజ్ఞాపూర్. గద్దర్ స్థిరపడింది అల్వాల్లో. నడుమ శామీర్‌పేట. అంతా ఒకటే తొవ్వ. ఆ తొవ్వ మీది వాళ్లమే మేమూ.

1985లో గద్దర్ అజ్ఞాతంలోకి పోయాడు. మళ్లీ 1990లో గానీ బయటికి రాలేదు. మనిషి కనబడని ఆ ఏళ్లలో రీలు మీద పాట మిగిలింది.

అయితే ఆ పాట మోగినప్పుడల్లా పక్కవాళ్ల చూపు మా మీదికి మళ్లుతుంది. నైజాం సర్కారును తిడితే మమ్మల్ని తిట్టినట్టేనా? నవాబు మాకేమన్నా జాగీర్లు రాసిచ్చాడా? మా తాతలు టాంగాలు తోలారు, దూదేకారు, గడీల ముందు చేతులు కట్టుకు నిలబడ్డారు. విసునూరు దేశ్‌ముఖ్‌ను ఎదిరించి ప్రాణమిచ్చిన బందగీ సాయిబు కాదా? 'మాభూమి'కి ఆధారమైన 'జబ్ ఖేత్ జాగే' నవలను కిషన్ చందర్ రాసింది ఉర్దూలో కాదా? ఆ పాట మాది కూడా.

మరి మా దుఃఖం ఎవరిది? రజాకార్ల దుర్మార్గాన్ని మేం దాచం. పత్రికా రచయిత షోయబుల్లాఖాన్‌ను చంపింది వాళ్లే. కానీ ఆ పాపానికి శిక్ష ఊళ్లల్లోని బీద సాయిబులు అనుభవించారు. 1948 సెప్టెంబర్ పోలీసు చర్యలో, ఆ తర్వాత చనిపోయినవాళ్లు 27 వేల నుంచి 40 వేల దాకా ఉంటారని సుందర్‌లాల్ కమిటీ అంచనా. ఆ నివేదిక దశాబ్దాలపాటు జనానికి అందలేదు. మా అవ్వలు ఆ ముచ్చట తలుపేసుకుని, గొంతు తగ్గించి చెప్పేవారు. అదీ అజ్ఞాతమే కదా!

2023 ఆగస్టు 7న అల్వాల్లో, గద్దర్ అంత్యక్రియల జనంలో, 'సియాసత్' ఉర్దూ పత్రిక మేనేజింగ్ ఎడిటర్ జహీరుద్దీన్ అలీఖాన్ గుండె ఆగి చనిపోయారు. ఆ వార్త ఉర్దూలో రాసినా, తెలుగులో రాసినా మాకు చెయ్యి ఆడలేదు. ఆ పాటకూ మాకూ ఏం సంబంధమని అడిగేవాళ్లకు ఇంతకంటే ఏం రుజువు చూపాలి?

ఇప్పుడు చేతిలో ఫోనే కెమెరా. పీర్ల గుండం చుట్టూ హసన్, హుసేన్‌ల పేరిట సాయిబులు, దళితులు, బీసీలు కలిసి తెలుగులో పాడే పాటలు ముసలి గొంతుల్లో ఉన్నాయి. అవ్వలు చెప్పిన ముచ్చట్లు మా దగ్గరున్నాయి. నర్సింగరావులాంటివాళ్లు వస్తే సంతోషం. రాకపోతే మా పిల్లలే తీయాలి. మా గొంతు వినబడనంత కాలం, ఎవరి పాట మోగినా చూపులు మా మీదికే వస్తాయి.