తిథి ఆకాశానిది, పండగ నేలది

కన్నడనాట ఉన్న కూరెకుప్పలో చైత్ర శుద్ధ పాడ్యమి వస్తే తెలుగింట్లోనూ ఉగాదే, కన్నడింట్లోనూ ఉగాదే. ఇక్కడ ఆరు రుచుల పచ్చడి, అక్కడ వేపపూత, బెల్లం. తాలూకా కేంద్రమైన సండూరును 1949 దాకా మరాఠా ఘోర్పడేలు ఏలారు కాబట్టి, కర్రకు పట్టుగుడ్డ, వేపకొమ్మ కట్టి, పైన చెంబు బోర్లించే గుడి పాడ్వా కూడా ఈ సీమకు పరాయిది కాదు.

మూడు భాషలదీ ఒకటే లెక్క. శాలివాహన శకం, అమావాస్యతో ముగిసే నెల, ప్రభవ మొదలు అరవై ఏళ్ల పేర్లు. కాశీ వైపు నెల పున్నమితో ముగుస్తుంది. అందుకే మన శ్రావణ బహుళాష్టమి వాళ్లకు భాద్రపదం. కృష్ణుడు పుట్టిన రోజు మాత్రం ఇద్దరికీ ఒకటే.

ఇంతగా కలిసిన లెక్కలో ఎడ్ల పండగ ఒక్కచోట నిలవదు. జ్యేష్ఠ పున్నమి మనకు ఏరువాక, ఇక్కడి కన్నడిగులకు కారహుణ్ణిమె. ఎడ్లను కడిగి, కొమ్ములకు రంగులు పూసి, మెడలో గంటలు కడతారు. పక్షం తిరిగేసరికి మణ్ణెత్తిన అమావాస్య. తడిమట్టితో జత ఎడ్లు చేస్తారు. మూపురం నొక్కి లేపి, కొమ్ములు సన్నగా లాగి, ముందు చిన్న గాడి కూడా పెట్టి, పూజ చేసి ఓళిగలు నైవేద్యం పెడతారు. విదర్భలో ఎడ్లకు పూజ శ్రావణ అమావాస్యకు, పోళా నాడు. ఇక్కడ కాడి కట్టబోయే ముందు మొక్కుతారు. అక్కడ సేద్యం బరువు దించుకున్నాక మొక్కుతారు.

చాంద్రమాన సంవత్సరం సూర్యుడి ఏడాదికన్నా దాదాపు పదకొండు రోజులు తక్కువ. సర్దకపోతే కొన్నేళ్లకే ఏరువాక నడివేసవిలోకి జారిపోతుంది. అందుకే సూర్యుడు రాశి మారని చాంద్రమాసాన్ని అధికమాసం అన్నారు. 2026లో మే 17 నుంచి జూన్ 15 దాకా అధిక జ్యేష్ఠం. ఏరువాక ఆ తర్వాతి నిజ జ్యేష్ఠంలోనే. తొలకరిని, తిథిని విడిపోనివ్వని ఆ ఏర్పాటును తలచుకుంటే మన పూర్వులకు చేతులెత్తి మొక్కాలనిపిస్తుంది.

ఇప్పుడు ట్రాక్టరు దున్నుతోంది. పక్కనే తోరణగల్లు ఉక్కు కర్మాగారంలో మూడు షిఫ్టులూ పని నడుస్తుంది. సెలవు ఏ రోజో పిల్లలకు ఫోనే చెబుతుంది. ఆ రోజే ఎందుకో మనం చెప్పాలి. మట్టి ముద్ద చేతికిచ్చి ఎద్దును చేయించి, ఈ నెలలో వాన వస్తుందనీ, మన అన్నం ఈ మూపురం మీదుగానే వచ్చిందనీ చెబితే, పంచాంగం ఇంకో తరం బతుకుతుంది.