ఇంటిపేరు ఒక్క అక్షరం

చొప్పదండిలో మా ఇంటి అరుగు మీద అవ్వ తునికాకు కత్తిరిస్తుంటే, పక్కన కూర్చుని పైడి జైరాజ్ మీద పేపరు రాసుకుంటున్నాను. ఏదో సెమినార్‌కి ఒప్పుకున్న పని. 1909లో కరీంనగర్‌లో పుట్టి, 1929లో బొంబాయి మూకీలలో చేరి, 1980 సంవత్సరానికి ఫాల్కే అవార్డు అందుకున్న నటుడు. మా జిల్లాలో సినిమా పిచ్చి ఉన్నవాళ్లలో కూడా ఎంతమందికి తెలుసు?

నిజం చెప్పాలంటే ఆయన మీద కోపంతోనే మొదలుపెట్టాను. టిప్పు సుల్తాన్ అయ్యాడు, అమర్‌సింగ్ రాథోడ్ అయ్యాడు, తెలుగు తెర మీద మాత్రం లేడు. తెలుగు పేరుకి మిగిలింది ‘పి.’ అనే ఒక్క అక్షరం.

వెతుకుతూ పోతే ఆయనకంటే ఆయన పక్కన నిలబడ్డ స్త్రీలే నన్ను పట్టుకున్నారు. 1943 నాటి ‘హమారీ బాత్’ దేవికారాణి చివరి సినిమా. అందులో నాయకుడు జైరాజ్. వాల్తేరులో పుట్టిన ఆమె, కరీంనగర్‌లో పుట్టిన ఈయన, మాట్లాడుకున్నది హిందీలో! 1938 నాటి ‘భాభీ’లో నాయిక రేణుకాదేవి. అసలు పేరు ఖుర్షీద్. అలీగఢ్‌లో ఆడపిల్లలకు చదువు చెప్పించిన షేక్ అబ్దుల్లా దంపతుల కూతురు. అంతటి ఇంటి నుంచి వచ్చినా తెర మీద పేరు మొత్తం మారిపోయింది. జైరాజ్‌కి ఇంటిపేరు కుదించుకుంటే సరిపోయింది. ఈ తేడా నా పేపర్లో మొదట లేదు.

ఇక భాష సంగతి. 1932లో విడుదలైన ‘భక్త ప్రహ్లాద’ను తీసింది బొంబాయిలోనే. ఆయన అప్పుడు అక్కడే ఉన్నాడు. ఎందుకు అటు వెళ్లలేదో నేను ఊహించి రాయను. కానీ ఆ తర్వాత దశాబ్దాల పాటు మా యాస తెలుగు సినిమాలో నవ్వించడానికో భయపెట్టడానికో తప్ప దొరకలేదన్నది మాత్రం మనందరికీ తెలుసు.

పదేళ్ల కింద ఒక ఇంటర్వ్యూలో నేను “పోతుండె” అన్నందుకు బల్ల అవతలి పెద్దమనిషి నవ్వాడు. ఆ సాయంత్రం నుంచి నా మాట మారింది. ఈ వ్యాసం కూడా ఆ మారిన మాటలోనే రాస్తున్నాను, చూడండి.

మొన్న ఫోన్‌లో ‘షోలే’ పెట్టి, పోలీసు అధికారిగా కాసేపు కనిపించే ముసలాయన్ని అవ్వకి చూపించాను.

“ఈయినె మన కరీంనగరమాయినెనా? మంచిగున్నడు. మన మాట యాడన్న మాట్లాడిండా?”

“సినిమాల్లో లేదవ్వా.”

“ఇంటికాడ మాట్లాడుతుండెనో ఏమో” అని చాట దగ్గరికి లాక్కుంది. కొంచెం సేపటికి తల ఎత్తకుండానే అడిగింది:

“నువ్వు పట్నంల నీ బిడ్డతోటి ఏం మాట్లాడుతవ్?”