నీరసానికి పేరేమిటి?

కోనసీమలో 'నీరసం' అనే మాట వినపడని ఇల్లు వుండదు. నాట్లు పూర్తయితే నీరసం, కొబ్బరి దింపు రోజున ఎండలో నిలబడితే నీరసం, జ్వరం తగ్గితే నీరసం, పరీక్షలు దగ్గరికొస్తే మన హాస్టలు మిత్రులకు మరీ నీరసం. ఆస్పత్రి మెట్లెక్కిన మనిషిని "ఏవిటండీ బాధ?" అని అడిగితే "ఆయ్, నీరసమండీ" అన్న జవాబు తయారుగా వుంటుంది. దానికి విరుగుడుగా ఒక సెలైన్ బాటిలు ఎక్కించుకుంటేగాని చాలామందికి తృప్తి కలగదు. ఇంతగా వాడే మాటకు అర్థమేమిటని మాత్రం మనం ఆలోచించం. రసం లేనిది నీరసం. గానుగలోంచి బయటికొచ్చిన చెరకు పిప్పి నీరసం. మనిషిలో ఏ రసం తగ్గింది, ఎందుకు తగ్గింది అన్న సంగతి ఆ మాట చెప్పదు.

నిజంగానే ఒక రసం తగ్గడం వల్ల వచ్చే నీరసం ఒకటుంది. అది ప్రాణం మీదికి తేగలదు. దానికి వున్న పేర్లను గురించి, ఆ పేర్లను మనుషులు వాడే తీరును గురించి నాలుగు మాటలు చెప్పాలని ఈ వ్యాసం మొదలుపెట్టాను.

మన రెండు మూత్రపిండాల మీద టోపీల్లాగా రెండు చిన్న గ్రంథులున్నాయి. ఒక్కొక్కటి సుమారు నాలుగయిదు గ్రాములు తూగుతుంది. తెలుగు మీడియం పుస్తకాల్లో వీటిని అధివృక్క గ్రంథులు అని చదువుకున్నాం. వృక్కమంటే మూత్రపిండం, 'అధి' అంటే పైన. ఇంగ్లీషువారి 'ఎడ్రినల్' అనే మాట లాటిన్ నుంచి వచ్చింది. అందులో 'ఎడ్' అంటే దగ్గర, 'రెన్' అంటే మూత్రపిండం. పూర్వపు డాక్టర్లు 'సుప్రారీనల్' అని కూడా వ్రాసేవారు. అది అక్షరాలా మన అధివృక్కమే. ఈ ఎడ్రినల్‌కు ముందు 'తక్కువ' అనే అర్థమిచ్చే 'హైపో' అన్న గ్రీకు మాటను తగిలించి, చివర 'ఇజం' చేరిస్తే 'హైపోఎడ్రినలిజం' అయింది. అంటే ఆ గ్రంథులు చేయవలసినంత పని చేయకపోవడం. ఈనాటి డాక్టర్లు ఎక్కువగా 'ఎడ్రినల్ ఇన్సఫిషియెన్సీ' అని వ్రాస్తారు. పశువైద్యులు కుక్కల్లో వచ్చే ఇదే జబ్బును 'హైపోఎడ్రినోకార్టిసిజం' అంటారు. పలకడానికి నోరు తిరక్కపోయినా, ఈ మూడో పేరే అన్నిటికన్నా కచ్చితమైనది. ఎందుకంటే కొరత వచ్చేది ప్రధానంగా గ్రంథి పైపొరలో, అంటే వల్కలంలో. అక్కడ తయారయ్యే కార్టిసాల్ ఒంట్లో చక్కెరను, రక్తపుపోటును నిలబెడుతుంది. జ్వరమో దెబ్బో తగిలినప్పుడు తట్టుకునే శక్తినిస్తుంది. ఆల్డోస్టిరోన్ అనే మరొకటి ఒంట్లో ఉప్పును కాపాడుతుంది. లోపలి దవ్వలో పుట్టే ఎడ్రినలిన్ సంగతి వేరు. అది తగ్గినంత మాత్రాన ఇంత ప్రమాదం రాదు.

నేను బి.యస్సీ. చదువుతున్నా, పరీక్ష కోసం చదివిన ఈ పాఠం మళ్ళీ ఎందుకు తిరగేయవలసి వచ్చిందో చెబుతాను. మా మేనత్తది కొత్తపేట దగ్గర ఒక పల్లె. వూడ్పులకీ కలుపులకీ వంగీ వంగీ మోకాళ్ళు పట్టేశాయి. ఎవరో ఇచ్చిన పొట్లాల్లోని చిన్న మాత్రలు రోజూ వేసుకుంటూ దాదాపు మూడేళ్ళు హాయిగా తిరిగింది. మొహం గుండ్రంగా తయారయింది. చుట్టాలు "అత్త వొళ్ళు చేసిందిరా" అని సంతోషించారు కూడా. ఒకరోజు ఎవరో ఆ మాత్రలతో షుగరు వస్తుందని చెప్పారు. అత్త భయపడి అన్నీ ఒక్కసారే మానేసింది. వారం తిరక్కుండా అన్నం సయించదు, వాంతులు, లేచి నిలబడితే కళ్ళు తిరగడం. కొందరు దిష్టన్నారు, కొందరు వేడి చేసిందన్నారు. అందరూ కలిసి ఒప్పుకున్నది మాత్రం నీరసం. సెలైన్ పెడితే ఒక పూట లేచి కూర్చునేది, మళ్ళీ పడిపోయేది.

చివరికి కాకినాడ తీసుకెళ్ళాం. అక్కడొక డాక్టరు గారు అందరిలాగా "ఏ మందులు వాడుతున్నారమ్మా?" అని అడిగి వదిలెయ్యలేదు. "ఈమధ్య ఏదైనా మందు మానేశారా?" అని అడిగారు. ఆ ఒక్క ప్రశ్నతో కథంతా బయటపడింది. రక్తంలో కార్టిసాల్ బాగా తక్కువగా వుంది. హైడ్రోకార్టిసోన్ ఇంజక్షన్ ఇచ్చారు. పొద్దున కళ్ళు తెరవలేని మనిషి, మర్నాడు చారన్నంలోకి ఆవకాయ ముక్క కావాలని అడిగింది. ఇంటికి పంపేటప్పుడు ఇచ్చిన కాగితం మీద ఆ రెండు ఇంగ్లీషు మాటలు చూసి మావయ్య, "ఒరే అబ్బాయ్, సైన్సు చదువుతున్నావు గదా, ఇదేవిటో చెప్పు" అన్నాడు. ఇన్సఫిషియెన్సీ అంటే చాలకపోవడమని చెప్పాను. "చాలకపోవడమేవిటిరా? తెచ్చిన మాత్రలన్నీ మింగింది గదా!" అన్నాడు. మావయ్య ప్రశ్న వెటకారం కాదు. ఎన్నో మాత్రలు మింగిన మనిషికి కొరత ఎలా వచ్చిందన్నది సరైన ప్రశ్నే. దానికి జవాబు ఆ పేరులో దొరకదు, పేరు వెనుక వున్న చరిత్రలో దొరుకుతుంది.

లండన్‌లోని గైస్ హాస్పిటల్లో థామస్ ఎడిసన్ అనే వైద్యుడుండేవాడు. రోజురోజుకీ శక్తి తగ్గిపోయి, చర్మం నల్లబడి, చివరికి చనిపోయిన రోగుల్లో ఈ గ్రంథులు చెడిపోయి వుండడం గమనించి, 1855లో పదకొండు మంది వివరాలతో ఒక పుస్తకం ప్రచురించాడు. వారిలో చాలామందికి గ్రంథుల్ని తినేసింది క్షయ. పారిస్ వైద్యుడు త్రూసో దానికి ఎడిసన్ జబ్బని పేరు పెట్టాడు. మన కొబ్బరిలో 'తాటిపాక తెగులు' వున్నట్టే ఇదీ. 1949 తుఫాను తరువాత రాజోలు తాలూకా తాటిపాకలో మొదట గుర్తించారు గనుక దానికి ఆ వూరి పేరు వచ్చింది. ఆకు చిన్నదై, కాయలు గిడసబారిపోయే ఆ తెగులు ఎందుకొస్తుందో వూరి పేరు చెప్పదు. ఎడిసన్ పేరు కూడా జబ్బును చూసిందెవరో చెబుతుంది గాని కారణం చెప్పదు. నేడు పాశ్చాత్య దేశాల్లో ఈ జబ్బుకు ముఖ్య కారణం శరీరపు రక్షణ వ్యవస్థే పొరబడి తన గ్రంథుల మీద దాడి చేయడం. మన దేశంలో క్షయను ఇంకా మరచిపోవడానికి వీల్లేదు.

మా అత్తది ఎడిసన్ జబ్బు కాదు. తేడా తెలియాలంటే మన కాలువల్ని తలచుకుంటే చాలు. ధవళేశ్వరం ఆనకట్ట దగ్గర వదిలిన గోదావరి నీరు కాలువ, తూము, బోదె దాటి చేనుకు చేరుతుంది. చేను ఎండిందంటే లోపం బోదెలో వుండవచ్చు, తూము దగ్గర వుండవచ్చు, పైన హెడ్‌స్లూయిస్ దగ్గర వుండవచ్చు. శరీరంలోనూ అంతే. మెదడులోని హైపోథలామస్ ఆజ్ఞ ఇస్తుంది. పీయూష గ్రంథి దాన్ని ఎ.సి.టి.హెచ్. అనే హార్మోనుగా పంపుతుంది. అధివృక్క గ్రంథి కార్టిసాల్ విడుదల చేస్తుంది. గ్రంథే చెడితే అది ఎడిసన్ జబ్బు. అప్పుడు పైనుంచి ఆజ్ఞ మరీ గట్టిగా వస్తుంది. ఆ ఎ.సి.టి.హెచ్. పెరగడం వల్లనే చిగుళ్ళు, అరచేతి గీతలు నల్లబడతాయి. ఉప్పు మీద యావ పుడుతుంది. మన రైతుల్లో ఈ నలుపును "ఎండకు నల్లబడ్డాడు" అని తేలిగ్గా దాటేసే ప్రమాదం వుంది. పైనుంచి ఆజ్ఞే రాకపోతే నలుపు వుండదు. మా అత్తకు లేనిది అందుకే.

మరి ఆమెకు ఆజ్ఞ ఎందుకు ఆగింది? 1948లో అమెరికాలోని మేయో క్లినిక్‌లో హెంచ్ అనే వైద్యుడు కీళ్ళవాతంతో బాధపడే స్త్రీకి కార్టిసోన్ ఇచ్చి చూశాడు. మంచం పట్టిన మనిషి లేచి నడిచింది. ఈ గ్రంథి రసాల మీద కృషికి కెండాల్, రైక్‌స్టైన్, హెంచ్‌లకు 1950లో నోబెల్ బహుమతి వచ్చింది. ఆ కుటుంబానికి చెందినవే ప్రెడ్నిసొలోన్, డెక్సామెథసోన్, బీటామెథసోన్. వీటినే మనం స్టెరాయిడ్లంటున్నాం. ఉబ్బసానికీ, కీళ్ళవాతానికీ, ఎన్నో జబ్బులకు ఇవి అమృతం లాంటివి. అయితే వాటి బలాన్ని సైజును బట్టి అంచనా వేయకూడదు. 20 మిల్లీగ్రాముల హైడ్రోకార్టిసోన్ చేసే పనిని 5 మిల్లీగ్రాముల ప్రెడ్నిసొలోన్, 0.75 మిల్లీగ్రాముల డెక్సామెథసోన్ చేస్తాయి. రోజూ మోటారు పెట్టి చేనంతా తడుపుతుంటే లస్కరు తూము ఎందుకెత్తుతాడు? వారాలూ నెలలూ ఎత్తని తలుపు తుప్పు పడుతుంది. అప్పుడు మోటారు ఒక్కసారిగా ఆపేస్తే ఇటు మోటారు నీరూ లేదు, అటు కాలువ నీరూ రాదు. మాత్రలు మింగిన మనిషికి కొరత రావడమంటే ఇదే. అందుకే మూడు నాలుగు వారాలకు మించి వాడిన స్టెరాయిడ్‌ను డాక్టరు చెప్పిన లెక్క ప్రకారం మెల్లమెల్లగా తగ్గించాలి. లేమిలో పడ్డ మనిషిని కాపాడే మందు, ఆ లేమిని తెచ్చే మందు ఒకే కుటుంబానివి కావడం ఇందులోని చిత్రం.

ఈ పేర్లు మనుషుల చేతిలో ఎన్ని వేషాలు వేశాయో కూడా చూడండి. అమెరికా అధ్యక్షుడు జాన్ కెనెడీకి 1947లో లండన్‌లో ఎడిసన్ జబ్బని చెప్పారు. 1954లో ఆయన నడుముకు ఆపరేషన్ జరిగింది. మర్నాటి సంవత్సరం ఒక శస్త్రచికిత్సా పత్రిక, పేరు చెప్పకుండా, ఎడిసన్ జబ్బున్న 37 ఏళ్ళ మనిషికి జరిగిన ఆపరేషన్ అంటూ దాన్ని ప్రచురించింది. 1960 ఎన్నికల్లో సంగతి బయటికొచ్చినప్పుడు, క్షయ వల్ల గ్రంథులు పాడయ్యే ఆ పాతకాలపు ఎడిసన్ జబ్బు ఆయనకు లేదని ఆయన పక్షం వారు ప్రకటించారు. పేరుకున్న పాత అర్థాన్ని పట్టుకుని నిజాన్ని పక్కకు నెట్టారన్నమాట. ఒక జబ్బు లేదని చెప్పడానికి అబద్ధమే ఆడక్కర్లేదు, పేరును ఇరుకు చేస్తే చాలు.

దీనికి సరిగ్గా తిరగబడిన వాడుక ఇంకొకటుంది. అది పేరును వెడల్పు చేయడం. 1998లో జేమ్స్ విల్సన్ అనే అమెరికా కైరోప్రాక్టర్ 'ఎడ్రినల్ ఫెటీగ్' అనే మాట పుట్టించాడు. పని వొత్తిడికి గ్రంథులు అలసిపోతాయట. పొద్దున లేవబుద్ధి కాకపోయినా, చిరుతిండి మీద మనసు పోయినా అదే జబ్బట. ఈ లెక్కన మన హాస్టలంతా రోగిష్ఠులే! 2016లో ఇద్దరు బ్రెజిల్ పరిశోధకులు 58 అధ్యయనాల్ని పరిశీలించి అలాంటి జబ్బుకు రుజువు లేదని తేల్చారు. అమెరికాలోని ఎండోక్రైన్ సొసైటీ మాట కూడా అదే. అలసట అబద్ధమని దీని అర్థం కాదు. అలసిన మనిషికి రక్తం తక్కువేమో, థైరాయిడ్ లోపమేమో, నిద్ర లేదేమో, దిగులేమో చూడాలి. తప్పుడు పేరు తగిలిస్తే ఆ వెతుకులాట అక్కడితో ఆగిపోతుంది. పైగా అవసరం లేనివాడు గ్రంథి సారమంటూ అమ్మే మాత్రలు మింగితే, మంచి గ్రంథి కూడా మూలపడవచ్చు.

నా వరకు నాకు 'అధివృక్క రసాల లేమి' అనే మాట బాగుందనిపిస్తుంది. లేమి అనగానే "ఎందువల్ల?" అనే ప్రశ్న దానంతట అదే వస్తుంది. నీరసమంటే ఆ ప్రశ్న రాదు, సెలైన్ బాటిలు వస్తుంది. పొద్దున ఎనిమిది గంటల ప్రాంతంలో చేసే కార్టిసాల్ రక్తపరీక్ష ఆ ప్రశ్నకు మొదటి మెట్టు. లేమి వుందని తేలినవారు మందు ఒక్కరోజు కూడా మానకూడదు. జ్వరం వస్తే మోతాదు ఎంత పెంచాలో డాక్టరును ముందే అడిగి వుంచుకోవాలి. వాంతులతో మాత్ర నిలవకపోతే వెంటనే ఇంజక్షన్‌కు పరుగెత్తాలి.

సోదర విద్యార్థులారా, మనలో చాలామంది ఇళ్ళల్లో ఇంగ్లీషు చీటీ చదవగలిగింది మనమొక్కరమే. సెలవులకు వెళ్ళినప్పుడు అమ్మమ్మ దగ్గరో, మావయ్య దగ్గరో వున్న మాత్రల పేర్లు ఒకసారి చదవండి. పేరు లేని పొట్లమైతే దాన్ని పట్టుకుని డాక్టరు దగ్గరికి వెళ్ళండి. మీరే మాన్పించకండి. స్టెరాయిడ్ వాడుతున్నట్టు తేలితే ఆ మందు పేరు, మోతాదు, 'ఒక్కసారిగా ఆపరాదు' అన్న మాట, పెద్ద తెలుగు అక్షరాల్లో ఒక అట్ట మీద వ్రాసి వాళ్ళ సంచిలో పెట్టండి. ఆ అట్ట ఇప్పుడు మా అత్త సంచిలో ఆధార్ కార్డు పక్కనే వుంటోంది.