అమెరికా చుట్టం

చెరకు పురుగుల విషయంలో నన్ను మించినవాడు లేడని నాకొక గర్వం ఉండేది. బోధన్ పక్కన నలభై ఏళ్లు చెరకు పండించినవాణ్ణి. ఎండిన మొవ్వు పీకి చూస్తే చాలు, పీక పురుగు పనేనని చెప్పేసేవాణ్ణి.

2015లో చక్కెర ఫ్యాక్టరీ మూతపడ్డాక మొక్కజొన్నకు మళ్లాను. 2018 యాసంగిలో ఆకులన్నీ చిరిగిపోయి కనిపిస్తే, కాండం తొలిచే పురుగేనని అప్పు తెచ్చి మరీ పాత మందే కొట్టించాను. పురుగు లెక్కచేయలేదు.

దీపావళికి వచ్చిన మనవరాలు ఒక మొక్క సుడి విప్పింది. లోపల తడి రంపపుపొట్టులాంటి రెట్ట. అందులోంచి పురుగును తీసి నా అరచేతిలో పెట్టింది.

"నెత్తి మీద చూడు తాతా!"

కళ్లజోడు సవరించుకున్నాను. తలమీద తిరగేసిన ఇంగ్లీషు 'వై' అక్షరం. తోక దగ్గర చతురస్రంగా నాలుగు నల్లచుక్కలు. నలభై ఏళ్లలో ఎన్నడూ చూడని ముఖం!

"కత్తెర పురుగు. మనది కాదు తాతా, అమెరికాది."

2016లో ఆఫ్రికాలో, 2018 మే నెలలో కర్ణాటకలో కనబడిందట. దీని రెక్కల పురుగు ఒక్క రాత్రిలో వంద కిలోమీటర్లు ఎగరగలదట. నాకేమో నిజామాబాద్ బస్సెక్కితేనే నడుం పట్టేస్తుంది! అమెరికాలో చలికి చాలాచోట్ల చచ్చిపోయి, ఏటా ఫ్లోరిడా, టెక్సాసుల నుంచి మళ్లీ ఉత్తరానికి బయలుదేరుతుందట. మన దగ్గర అంత చలి ఏదీ?

"చెరకును కూడా తింటదా?" అన్నాను.

"తింటది తాతా."

పిల్లలు నములుతారని గట్టు వెంబడి నాలుగు సాళ్ల చెరకు ఉంచుకున్నాను. కళ్లజోడు తీయకుండానే అటు నడిచాను.